సీలు వేస్తే సరిపోదు, కేసు నిలబడాలి

పుత్తూరు కానీ తిరుపతి కానీ, గర్భిణి స్కానింగ్ బల్ల ఎక్కే ముందు ఆమె చేత ఒక కాగితం మీద సంతకం చేయిస్తారు. దాని పేరు ఫారం-ఎఫ్. ఇంటి చిరునామా, ఇప్పటికే ఉన్న పిల్లల్లో ఆడెందరు, మగెందరు, చివరి నెలసరి ఏ తేదీన వచ్చింది, స్కాన్ రాసిచ్చిన డాక్టరెవరు, ఎందుకు రాశారు... అన్నీ అందులో ఉండాలి. కడుపులో ఉన్నది ఆడో మగో తనకు తెలియనక్కర్లేదని ఆమె, తాను చెప్పలేదని డాక్టరు కింద రాసివ్వాలి. అక్షరం రాని తల్లి వేలిముద్ర వేస్తుంది. ఆ నెల లెక్కంతా మరుసటి నెల 5వ తేదీలోగా అధికారికి చేరాలి.

పేచీ అంతా ఈ కాగితం మీదే. ఒక గడి ఖాళీగా ఉంటే క్రిమినల్ కేసు పెట్టేస్తారా అని వైద్య సంఘాలు చాలా ఏళ్లుగా అడుగుతున్నాయి. ప్రసూతి వైద్యుల జాతీయ సమాఖ్య ఇదే మాటతో సుప్రీంకోర్టుకు వెళ్లింది. 2019 మే 3న జస్టిస్ అరుణ్ మిశ్రా, జస్టిస్ వినీత్ శరణ్‌ల ధర్మాసనం ఆ పిటిషన్‌ను కొట్టేసింది. ఆ తీర్పు సరైనదేనన్నది మా దృఢమైన అభిప్రాయం.

ఎందుకంటే లింగనిర్ధారణ అనే ఈ నేరానికి ఫిర్యాదుదారు ఉండడు. తలుపు మూసిన గదిలో ఒక మాట చెప్పేవాడూ, దానికి డబ్బిచ్చి వినేవాడూ ఇద్దరూ కూడబలుక్కున్నవాళ్లే. నష్టపోయిన బిడ్డ ఇంకా పుట్టలేదు. అత్తింటివాళ్ల నడుమ కూర్చున్న ఆ తల్లికి నోరు విప్పే ధైర్యం ఎక్కడిది? ఆమెను భర్తో బంధువులో బలవంతపెట్టి తెచ్చారనే కోర్టు భావించాలని లింగనిర్ధారణ నిషేధ చట్టమే చెబుతోంది. ఇక మిగిలిన సాక్షి ఆ కాగితమొక్కటే. ఇద్దరు ఆడపిల్లల తల్లి నాలుగో నెలలో స్కానింగ్‌కు వచ్చింది, రాసిచ్చిన డాక్టరు పేరు లేదు, కారణం గడి ఖాళీ. దీన్ని గుమస్తా పొరపాటని ఎలా అనుకుంటాం? దాచిపెట్టాలనుకున్నవాడు ఖాళీగా వదిలేది సరిగ్గా ఆ గడినే.

నిజాయతీగా పనిచేసే డాక్టర్ల బాధ మాకు తెలుసు. ఇంటిపేరులో అక్షరం తప్పినంత మాత్రాన ఎవరినీ నేరస్తుడిగా చూడకూడదు. రికార్డు లోపభూయిష్ఠంగా ఉన్నా తన తప్పు లేదని నిరూపించుకునే అవకాశం డాక్టరుకు చట్టంలోనే ఉంది. దానికి కోర్టు ఉంది. చట్టాన్నే పలచన చేయమనడం మాత్రం ఒప్పుకోదగ్గది కాదు.

లెక్కలు చూడండి. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఆరేళ్లలోపు వెయ్యిమంది మగపిల్లలకు 2001లో 961 మంది ఆడపిల్లలుండగా, 2011 నాటికి 939కి పడిపోయారు. 1994 నాటి చట్టం 1996 నుంచి అమల్లో ఉంది, 2003లో దాన్ని మరింత బిగించారు కూడా. అయినా ఈ పతనం ఆగలేదు. 2023 మే నెలలో వరంగల్ పోలీసులు లింగనిర్ధారణ ముఠాకు చెందిన 18 మందిని పట్టుకున్నారు. అదే ఏడాది కర్ణాటకలోని మండ్యలో బెల్లం తయారుచేసే షెడ్డులో స్కానింగ్ యంత్రం దొరికింది. చేతిసంచిలో పట్టే యంత్రాలు వచ్చాక ఊరూ గదీ అక్కర్లేకుండా పోయింది.

ఇంతకన్నా మమ్మల్ని కలవరపెట్టేది మరొకటి ఉంది. గురుగ్రామ్‌లోని ఒక క్లినిక్ మీద నడిచిన కేసును 2024 సెప్టెంబరులో సుప్రీంకోర్టు కొట్టేసింది. ముగ్గురు సభ్యుల అధికార సంస్థ కలిసి తీసుకోవాల్సిన సోదా నిర్ణయాన్ని అధ్యక్షుడొక్కడే తీసుకోవడమే కారణం. డాక్టరు దోషా, నిర్దోషా అన్న ప్రశ్న దాకా విచారణ వెళ్లనే లేదు. డాక్టరు కాగితం తప్పితే జైలంటున్నాం. మరి అధికారి కాగితం తప్పి కేసు పోతే జవాబు చెప్పేదెవరు?

మన దగ్గర కథ సాధారణంగా తనిఖీతో మొదలై సీలుతో ముగుస్తుంది. ఫొటో పేపర్లో పడుతుంది, యంత్రం కొన్నాళ్లు మూలన పడుతుంది, ఆ తర్వాత సీలు ఊడుతుంది. తొలి నేరానికి మూడేళ్ల దాకా జైలు, పది వేల వరకు జరిమానా అని రాసి ఉన్న చట్టానికి సీలుతో సరిపుచ్చుకోవడం అవమానం. పద్ధతి తెలియదనడానికి వీల్లేదు. రెండు దశాబ్దాల కిందటే హైదరాబాద్ కలెక్టర్‌గా అర్వింద్ కుమార్ స్కానింగ్ సెంటర్ల ఫారాలన్నీ తెప్పించి, చదివించి, తప్పులున్నచోట చర్యలకు దిగారు. కుర్చీలో కూర్చుని కాగితాలు చదివితే చాలా బయటపడుతుంది.

పుత్తూరు కట్టు కోసం ఆంధ్ర, తమిళనాడు, కర్ణాటకల నుంచి విరిగిన చేతులతో, కాళ్లతో జనం ఇక్కడికి వస్తారు. నగరి దాటితే తమిళనాడే. వైద్యం కోసం ఇలా అటూ ఇటూ తిరిగే దారిలోనే తప్పుడు స్కానింగూ నడవగలదు. ఇక్కడి క్లినిక్కులన్నీ తప్పు చేస్తున్నాయని మేం అనడం లేదు. సరిహద్దు ఊళ్ల మీద రెండు రాష్ట్రాల అధికారులూ కలిసి కన్నేయాలంటున్నాం.

తిరుపతి, చిత్తూరు జిల్లాల యంత్రాంగాలను మేం అడిగేది ఒక్కటే. ఈ చట్టం కింద ఇప్పటిదాకా ఎన్ని ఫిర్యాదులు మేజిస్ట్రేట్ ముందుకు వెళ్లాయి, ఎన్ని శిక్షలతో ముగిశాయి, ఎన్ని కొట్టివేతకు గురయ్యాయి, ఎందుకు? ఆ జాబితాను కలెక్టరేట్ నోటీసు బోర్డు మీద పెట్టండి.

వాళ్లు కదలకపోతే పాఠకులు కదలవచ్చు. చట్టంలోని 28వ సెక్షన్ ప్రకారం, కనీసం 15 రోజుల ముందు అధికారికి నోటీసిచ్చి, ఎవరైనా నేరుగా మేజిస్ట్రేట్ కోర్టులో ఫిర్యాదు చేయవచ్చు.