ఓటమి నేర్పిన పాఠము

జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి జిల్లాల పల్లెలలో మట్టినేలపైఁ గబడ్డీ కూతపెట్టి పెరిగిన బాలురు, టెలివిజనులో తెలుగు టైటాన్స్ జట్టును జూచినపుడు, దాని పేరులోఁ దమ భాష నిలిచియున్నందున, దానిని తమ జట్టుగానే భావింతురు.

2014లో ప్రో కబడ్డీ లీగు ఆరంభమైన నాఁటినుండి ఆడుచు, 2015లో తృతీయస్థానము నందినను, ఆ జట్టు 2025 వఱకు జరిగిన పండ్రెండు సీజన్లలో ఒక్క కిరీటమునైనను గెలువలేదు. ఎనిమిది, తొమ్మిది, పదవ సీజన్లలో వరుసగా అట్టడుగున నిలిచి, 66 పోటీలలో 5 మాత్రమే గెలిచి, 56 ఓడెను. పదవ సీజనుకై పవన్ సెహ్రావత్ వంటి మేటి రైడరును వేలములో 2 కోట్ల 60 లక్షల రూపాయలకు మించిన మూల్యమునకుఁ దెచ్చినను ఫలితము మాఱలేదు. ఏలయన, ఏడుగురు కలిసి పట్టవలసిన ఆటలో ఒక్కని పరాక్రమము విజయమునకుఁ జాలదు. పదునొకండవ సీజనులో 12 విజయములు సాధించి, 2025లో ప్లేఆఫ్ దశను జేరుట ఆశాజనకము.

అయినను, వేలములోఁ గొన్న కీర్తికంటె స్వగ్రామమునఁ బెంచిన ప్రతిభయే స్థిరమైనది. కావున ప్రభుత్వమును, జట్టు యాజమాన్యమును ఈ మూఁడు జిల్లాలలోను మ్యాటుకోర్టులు నెలకొల్పి, శిక్షకులను నియమించి, మన బాలురకు ఆ జట్టులోఁ జోటు దక్కు మార్గము నేర్పఱుపవలయును.