ఉగాది నాటి పాఠం

మిరప కల్లాల రోజులు. తిరుమలాయపాలెంలో మా అన్నయ్య ఇంటి వసారాలో కూర్చుని వాళ్లమ్మాయి బి.ఇడి. టీచింగ్ ప్రాక్టీస్ రికార్డు తిరగేస్తున్నాను. స్కేలు పెట్టి గీసిన మార్జిన్లు, గుండ్రటి అక్షరాలు, ప్రతి పాఠం కింద ఆకుపచ్చ ఇంకు సంతకం. ఒక తేదీ దగ్గర వేలు ఆగింది. ఆ రోజు ఉగాది.

“ఉగాది నాడు బడి ఎవరు తెరిచారే?”

“రాసిచ్చినాయన క్యాలెండర్ చూసుకోలేదేమో బాబాయ్.”

కాలేజీ పక్కనున్న జిరాక్స్ షాపులో రికార్డుకింత అని రేటు ఉందట. తను కాలేజీకి వెళ్లిందే తక్కువ, వెళ్లిన రోజున పాఠం చెప్పేవాళ్లు లేరు. తప్పు పిల్లదని నేననను. కాలేజీ పేరూ ఇక్కడ అనవసరం. కాగితాల్లో మాత్రం దానికి ఏ లోటూ లేదు: స్థలం దస్తావేజు, బిల్డింగ్ ప్లాను, అధ్యాపకుల జాబితా, అన్నీ ఉన్నాయి.

ఇలాంటి కాలేజీకి రేపు గుర్తింపు రద్దు చేశారనుకోండి, యాజమాన్యం హైకోర్టులో రిట్ వేస్తుంది. న్యాయసమీక్షలో జడ్జిగారు చూసేది నిర్ణయం ఎలా తీసుకున్నారన్నది. నోటీసు ఇచ్చారా, సంజాయిషీ విన్నారా, కారణాలు రాశారా? 1993 నాటి జాతీయ ఉపాధ్యాయ విద్యా మండలి (ఎన్‌సీటీఈ) చట్టం కూడా, దరఖాస్తును తిరస్కరించే ముందు సంస్థకు చెప్పుకునే అవకాశం ఇవ్వాలంటుంది. న్యాయమే. ఒకరి ఫైలు పరుగెత్తించి ఇంకొకరి ఫైలు మీద కూర్చునే ఆఫీసులు మనకు కొత్త కాదు. వాటి చెవి మెలిపెట్టడానికి కోర్టు ఉండాల్సిందే. కాకపోతే నోటీసులో తేదీ తప్పుపడితే ఉత్తర్వు కొట్టుడుపోతుంది, రికార్డులో తేదీ తప్పుపడితే అడిగే దిక్కుండదు.

ఈ తగాదాల్లో నాకు బాగా గుర్తుండిపోయింది అప్పటి మన ఉమ్మడి రాష్ట్రం నుంచి వెళ్లిన కేసే. నాగేశ్వరమ్మ వర్సెస్ ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం, 1986. అనుమతి లేని ప్రైవేటు ఉపాధ్యాయ శిక్షణ సంస్థల్లో చేరినవాళ్లు తమను పరీక్ష రాయనివ్వమని సుప్రీంకోర్టు దాకా వెళ్లారు. ఫీజులు కట్టేశాం, మా గతేమిటి అన్నారు. జాలి పుట్టే మాటే. కోర్టు ఒప్పుకోలేదు. సరైన శిక్షణ లేని పంతుళ్లను ఏమీ తెలియని పసిపిల్లల మీదికి వదలలేమంది. యాజమాన్యం, ప్రభుత్వం, ట్రైనీలు తప్ప ఎవరూ కనిపించని కేసులోకి, వకాల్తా వేయలేని ఒకటో తరగతి పిల్లను జడ్జీలే పిలిచి కూర్చోబెట్టారు.

ఆ తర్వాత ఆ పిల్ల చాలాకాలం కనిపించలేదు. ఎన్‌సీటీఈ వచ్చాక వాదమంతా అధికారం ఎవరిదన్న దాని మీదే. 2003లో సెయింట్ జాన్స్ కేసులో రాష్ట్ర ప్రభుత్వం నుంచి నిరభ్యంతర పత్రం అడగడం చెల్లుతుందన్నారు. 2006లో మహారాష్ట్ర కేసులో, ఎన్‌సీటీఈ గుర్తింపు ఇచ్చాక మా విధానం వేరు అంటూ రాష్ట్రం అడ్డుపడటానికి లేదన్నారు. మాకు ఇంకా టీచర్లు అక్కర్లేదు మొర్రో అని మహారాష్ట్ర మొత్తుకున్నా లాభం లేకపోయింది. చట్టం ప్రకారం తీర్పు సరైనదే కావచ్చు. పోస్టులెన్నో తెలిసిన రాష్ట్రం చేతిలో కాలేజీల లెక్క లేదు. కాలేజీల లెక్క ఉన్నచోట పోస్టుల పూచీ లేదు. మధ్యలో బి.ఇడి. పట్టా పట్టుకుని మిరపకాయలు ఏరుతున్న మా పిల్లలు.

చివరికి ఆ మహారాష్ట్రకే చెందిన డి.ఇడి. కాలేజీల గొడవలోనే సుప్రీంకోర్టు జస్టిస్ జె.ఎస్. వర్మ కమిషన్ వేయాల్సి వచ్చింది. 2012లో నివేదిక వచ్చింది. ఉద్యోగానికి ముందు శిక్షణనిచ్చే సంస్థల్లో సుమారు 90 శాతం ప్రైవేటువేనని అది తేల్చింది. ఆ నివేదిక తర్వాత, 2015 నుంచి బి.ఇడి. రెండేళ్లయింది. రికార్డులు రెట్టింపయ్యాయి, షాపుకి గిరాకీ పెరిగింది.

2023 ఆగస్టు 11న ఆ ఒకటో తరగతి పిల్ల మళ్లీ కోర్టులో కనిపించింది. బి.ఇడి. వాళ్లు ప్రాథమిక తరగతులకు కూడా అర్హులేనంటూ ఎన్‌సీటీఈ 2018లో ఇచ్చిన నోటిఫికేషన్‌ను కొట్టేసిన రాజస్థాన్ హైకోర్టు తీర్పును సుప్రీంకోర్టు ఖాయం చేసింది. చిన్నపిల్లలకు నాణ్యమైన చదువు హక్కు, వాళ్లకు చెప్పే విద్య వేరు అంది. మా అమ్మాయికి ప్రాథమిక బడి టీచరు (ఎస్‌జీటీ) తలుపు ఆ రోజే మూసుకుంది. తను ఏడ్చింది. తీర్పు మంచిదేనని నేను తనతో అనలేకపోయాను. ఇక్కడ మీతో అంటున్నాను.

అటు భద్రాచలం ఏజెన్సీ సంగతి కొంచెం తిరకాసు. షెడ్యూల్డు ప్రాంతాల బడుల్లో టీచర్ పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే అన్న 2000 నాటి జీవో 3ను 2020లో రాజ్యాంగ ధర్మాసనం కొట్టేసింది. బయటి టీచర్లు బడికి రావడం లేదన్నది ప్రభుత్వం చెప్పుకున్న కారణం. అంటే అక్కడ పిల్లవాడి పేరు చెప్పి వాదించిందే ప్రభుత్వం. నూరు శాతం కుదరదంది కోర్టు. కోయ మాట తెలిసిన పంతులు పిల్లవాడికి ఎంత ముఖ్యమో ఆ తీర్పు తూచిన తీరు నాకు నచ్చలేదు.

శిక్షణ కాలేజీల విషయంలో అసలు నష్టం తుది తీర్పులతో కాదు, మధ్యంతర ఉత్తర్వులతో జరుగుతుంది. “స్టే తెచ్చుకున్నాం” అని బోర్డు కడతారు, అడ్మిషన్లు నింపుతారు. కేసు విచారణకొచ్చేసరికి పిల్లలు పరీక్షల ముంగిట ఉంటారు. అప్పుడు వాళ్ల భవిష్యత్తు చూపించి ఇంకో ఉత్తర్వు అడుగుతారు.

మా ఊళ్లో పొలం గట్టు తగాదాకి కోర్టు అడ్వకేట్ కమిషనర్‌ను పంపుతుంది. ఆయన వచ్చి, గొలుసు పట్టించి, కొలిచి, చూసింది చూసినట్టు రాసి ఇస్తాడు. అడ్మిషన్లకు మధ్యంతర అనుమతి ఇచ్చే ముందు కాలేజీకీ అలాగే ఒకరిని పంపమని నేనడుగుతున్నాను. ముందుగా కబురు పెట్టకుండా, ఏదో ఒక బుధవారం పదకొండు గంటలకు. క్లాసులో ఎందరున్నారో, చెప్పేదెవరో లెక్కపెడితే చాలు. జిరాక్స్ షాపు ఎలాగూ దారిలోనే.