గృహవైద్యము: తామరమందు అసలు పేరేమి?

శ్రీకాకుళమనగానే మన సోదరీమణులలో ననేకులకు నాగావళీతీరమందలి జిల్లా ముఖ్యపట్టణము స్ఫురించును. మేమిప్పుడు చెప్పబోవునది యది కాదు. కృష్ణాజిల్లా ఘంటసాల మండలమున, కృష్ణానది యొడ్డున, ఆంధ్ర మహావిష్ణువు కొలువైయున్న చిన్న గ్రామము. శ్రీకృష్ణదేవరాయలకు స్వామి కలలో గనుపించి ఆముక్తమాల్యదను రచింపుమని యానతిచ్చినది యీ క్షేత్రముననే యని ప్రసిద్ధి. పేరొక్కటైనంత మాత్రమున ఊరొక్కటి కాదు. మందుల విషయమున ఈ మాట మరింత నిజమని మాకు ఆ యూరిలోనే తెలియవచ్చినది.

గడచిన వర్షాకాలమున స్వామి దర్శనమునకు వెళ్ళినప్పుడు, మాకు దూరపు చుట్టరికము గల యొక యిల్లాలి యింట ఒక పూట ఉంటిమి. భోజనములైన తరువాత ఆమె లోపలినుండి పాత బిస్కత్తుల డబ్బా యొకటి తెచ్చి మా ముందుంచి, “అక్కయ్యగారూ, మీరు పత్రికలో మందుల సంగతులు రాస్తారు గదా, వీటిలో తామరమందు ఏదో కాస్త చూసి చెప్పండి” అనిరి. డబ్బాలో సగము పిండిన ట్యూబులు మూడున్నవి. మూడింటిమీదను పెద్ద యక్షరములతో మూడు వేర్వేరు పేర్లు. మూడును తామరకే యని మందులదుకాణమువా రిచ్చినవి.

కోడలికి నడుముచుట్టును, తొడలసందునను తామర పుట్టి యెనిమిది నెలలైనదట. ట్యూబులోని మందు రాసిన రెండు దినములకే దురద పోవును, ఎఱుపు తగ్గును. మానిన వారమునకు మునుపటికంటె పెద్దదై తిరిగి వచ్చును. అప్పుడు మరియొక ట్యూబు. ఇంతలో మనుమనికి మెడమీదను, అత్తగారైన ఆ యిల్లాలికే మోచేతిమీదను బయలుదేరినది. దివిసీమ, గుడివాడ, బందరు ప్రాంతములలో ఇది వింత గాదు. వరిమళ్ళు, చేపల చెరువులు, రొయ్యల చెరువులు, సముద్రపు గాలిలోని చెమ్మ, ఆరని చీరకుచ్చెళ్ళు, నడుమునకు బిగించిన లంగాబొందు క్రింద చెమట. తామర పెరుగుటకు ఇంతకంటె నేమి కావలయును?

మేము కండ్లద్దములు పెట్టుకొని, ట్యూబుల మడతల దగ్గర చీమతలకాయలంతేసి యక్షరములతో నున్న వ్రాతను చదువసాగితిమి.

ప్రతి మందునకును రెండు పేర్లుండును. ఒకటి అమ్మువారు పెట్టినది, రెండవది ఆ పదార్థమునకు శాస్త్రజ్ఞులు పెట్టినది. మన పిల్లల ముద్దుపేరును, నామకరణమునాటి పేరును వంటివే యివి. వీథికొక బుజ్జి, వీథికొక చిన్ని యుందురు. ముద్దుపేరును బట్టి ఎవరి బిడ్డయో తెలియదు. పెద్ద యక్షరములలో నున్నది ముద్దుపేరు. చిన్న యక్షరములలో నున్నదే అసలు పేరు.

మొదటి ట్యూబుమీది అసలు పేరు క్లోట్రిమజోల్, నూటికొక పాలు. అంతే. రెండవదానిమీద క్లోట్రిమజోల్‌తోబాటు బీటామెథసోన్, నియోమైసిన్ అనునవి యున్నవి. మూడవదానిమీద మైకొనజోల్, నియోమైసిన్, క్లోబెటసాల్ అని యున్నది. మొదటిది తామరమందు. కడమ రెంటిలో తామరమందుతోబాటు మరియొకరు చొరబడియున్నారు. వారి సంగతి చెప్పుటకు ముందు, ఆ యిల్లాలు మమ్మడిగిన ప్రశ్నకు సమాధానము చెప్పవలెను. “క్లోట్రిమజోల్ అంటే అర్థమేమిటండీ? నోరు తిరగడమే లేదు” అని ఆమె నవ్విరి.

ఆ పేరు మూడు ముక్కల యతుకు. ‘క్లో’ యనునది క్లోరీను. 1810లో హంఫ్రీ డేవీ యను ఆంగ్ల శాస్త్రజ్ఞుడు ఆ వాయువు రంగును బట్టి, పసుపు కలిసిన పచ్చ యను అర్థము గల గ్రీకుమాటతో దానికా పేరు పెట్టెను. ‘ట్రి’ యనునది ట్రిటిల్ అను మాటలోనిది. ఒక కర్బన పరమాణువునకు మూడు బెంజీను చక్రములు తగిలించిన కూర్పునకు ఆ పేరు. చివరనున్న ‘మజోల్’ ఇమిడజోల్ అను మరియొక చిన్న చక్రము పేరులోని తోక. అందులో రెండు నత్రజని పరమాణువులుండును. నత్రజనికి ఫ్రాన్సుదేశమున లవోసియె మొదలగువారు ‘అజోత్’ అని పేరిడిరి, ప్రాణము లేనిదని దాని యర్థము. ఆ వాయువు మాత్రమే యున్నచోట జంతువులు బ్రదుకజాలవు గావున వారట్లు పిలిచిరి. (మనము తిను పప్పులోని మాంసకృత్తులన్నిటను ఆ నత్రజనియే యున్నది. పేర్లు పెట్టువారు కూడ తొందరపడుదురు.) కావున క్లోట్రిమజోల్ అనగా క్లోరీను తగిలించిన మూడు చక్రముల కూర్పునకు నత్రజనీ చక్రమొకటి చేర్చినది. చక్రములవలె బయలుదేరు వ్యాధికి నాలుగు చక్రముల మందు. 1960ల చివర జర్మనీ దేశపు బేయర్ సంస్థవారు దీనిని కనిపెట్టిరి.

ఈ నత్రజనీ చక్రమునందే మందు బలమంతయు నున్నది. తామర పురుగువలన గలుగునది కాదు. బూజుజాతికి చేరిన శిలీంధ్రము చర్మముపైపొరను తినుచు నలుదెసలకు ప్రాకుటచే, నడుమ మాని అంచు ఎఱ్ఱనై చక్రాకారము వచ్చును. ఆ శిలీంధ్రపు కణమునకు గోడవంటి పొర యొకటి కలదు. దానిని గట్టుకొనుటకు ఎర్గొస్టెరాల్ అను క్రొవ్వుపదార్థము కావలెను. క్లోట్రిమజోల్‌లోని నత్రజని, ఆ పదార్థమును తయారుచేయు యంత్రాంగములోని యినుమును పట్టుకొని పనిచేయనీయదు. పొరకు చిల్లులు పడి బూజు చచ్చును. మన కణముల పొరలలో నుండునది ఎర్గొస్టెరాల్ గాక కొలెస్టెరాల్ గావున, మన చర్మమునకు బాధ తక్కువ.

మన పూర్వులు పేరు పెట్టిన తీరు వేరు. తామరకు సంస్కృతమున దద్రువని పేరు. వానలు పడగానే బీళ్ళలో మొలచు తగిరిస మొక్కకు అమరకోశములో దద్రుఘ్నమనియు, చక్రమర్దకమనియు పేర్లున్నవి. మొదటిదానికి దద్రువును చంపునదని యర్థము, రెండవదానికి చక్రమును నలిపివేయునదని. మందేమి చేయునో పేరే చెప్పును. సీమ అవిసెను మెట్టతామర యని పిలుచుటయు నట్టిదే. దాని యాకు నూరి తామరకు రాయుట మన యమ్మమ్మలనాటినుండి యున్నది. ఆ యాకులో శిలీంధ్రమును అణచు గుణము కొంత కలదు. కాని యెనిమిది నెలలు ముదిరి ఇంటిల్లిపాదికి పాకిన తామరకు ఆకుపసరు చాలునని మేము చెప్పజాలము.

ఏ పేరునందును మందు పని గాని, దాని యంగములు గాని కనబడని దొకటి కలదు. నిస్టాటిన్. దీని కథ స్త్రీలమైన మనము తెలిసికొనదగినది. అమెరికాలో న్యూయార్కు రాష్ట్ర ఆరోగ్యశాఖ ప్రయోగశాలలలో ఎలిజబెత్ హేజెన్, రేచెల్ బ్రౌన్ అను ఇరువురు స్త్రీలు పనిచేయుచుండిరి. హేజెన్ న్యూయార్కు నగరమున సూక్ష్మజీవులను పరిశీలించునది. బ్రౌన్ ఆల్బనీ పట్టణమున రసాయనశాస్త్రజ్ఞురాలు. హేజెన్ పలుచోట్ల మట్టి సేకరించి, అందలి జీవులను పెంచి, గాజుజాడీలలో తపాలా ద్వారా బ్రౌన్‌కు పంపును. ఆమె వానినుండి మందుగుణము గల పదార్థమును వేరుచేసి మరల తపాలాలోనే తిప్పిపంపును. తుదకు వర్జీనియాలో నర్స్ అను స్నేహితుల పొలములో హేజెన్ తీసికొన్న మట్టియందు వారు వెదకునది దొరికినది. 1950లో ఆ సంగతి లోకమునకు వెల్లడించిరి. న్యూయార్కు స్టేట్ అను మాటలను కలిపి నిస్టాటిన్ అనిరి. పుట్టినిల్లు పేరు పెట్టుకొన్న మందన్నమాట. ఆ మందువలన వచ్చిన రాయల్టీలు 1 కోటి 30 లక్షల డాలర్లకు మించినను, ఒక్క డాలరైన తమకుంచుకొనక ఇరువురును శాస్త్రపరిశోధనలకే యిచ్చివేసిరి.

పసిబిడ్డల నాలుకపై పెరుగుతెట్టువలె తెల్లగా పట్టి, తుడిచినను పోని పూతకు కారణమైన కాండిడా యను బూజునకు నిస్టాటిన్ మంచి మందు. కాని తామరకు పనిచేయదు! రెండును బూజులే యైనను జాతి వేరు. క్లోట్రిమజోల్ మాత్రము రెండింటికిని పనికివచ్చును. స్త్రీలకు పెరుగువిరుగువంటి తెల్లబట్టతో దురద పుట్టునప్పుడు వైద్యులిచ్చు మాత్రలలో తరచుగా నుండునదియు నిదియే. అయితే అన్ని తెల్లబట్టలును బూజువలన వచ్చునవి కావు గావున, సిగ్గుపడక వైద్యురాలికి చూపించుకొనిన తరువాతనే వాడవలెను.

ఇక ట్యూబులలో చొరబడినవారి సంగతి. బీటామెథసోన్, క్లోబెటసాల్ అనునవి స్టెరాయిడులు. వాపును, ఎఱుపును, దురదను అణచుటలో వానికి సాటి లేదు. చర్మరోగములు కొన్నింటికి వైద్యులు వానిని కొలిచి, దినములు లెక్కపెట్టి వాడుదురు. తామరపై రాసినచో జరుగునది వేరు. దురద యనునది శరీరము శత్రువుతో పోరాడుచున్నదనుటకు గుర్తు. స్టెరాయిడు ఆ పోరాటమునే యాపివేయును. ఇంటిలో దొంగ పడినప్పుడు కుక్క నోరు కట్టినట్లు! ఇల్లాలు నిశ్శబ్దముగా నున్నదని సంతోషించును, దొంగ గదిగదికి తిరుగును. పైగా తొడలసందున, చంకలలో చర్మము పలుచనై ఎఱ్ఱని, తెల్లని చారలు పడును. తామర రూపము మారిపోయి వైద్యుడు సైతము గుర్తింపలేని స్థితి వచ్చును. ఇట్టి స్టెరాయిడు పూతమందులు 14 రకములను వైద్యుని చీటీ లేనిదే అమ్మరాదని 2018లో కేంద్రప్రభుత్వమువారు నియమము చేసిరి. నియమమున్నను శ్రీకాకుళపు డబ్బాలోనికి ఆ రెండు ట్యూబులును చీటీ లేకయే వచ్చినవి.

కావున సోదరీమణులు పేరు తోకను చూడ నేర్చుకొనవలెను. ‘కొనజోల్’ అని ముగియు కీటోకొనజోల్, ఇట్రాకొనజోల్, లూలికొనజోల్ మొదలగునవి బూజుమందులు. ‘సోన్’ అని ముగియుచున్నను, క్లోబెటసాల్ అని కనబడినను స్టెరాయిడున్నదని తెలిసికొని ట్యూబును తిరిగి యిచ్చివేయవలెను. ‘జోల్’ అని విన్నంతనే బూజుమందని భ్రమపడరాదు సుమా! ఒమెప్రజోల్ కడుపుమంటకు, ఆల్బెండజోల్ కడుపులోని పురుగులకు. రెండు శ్రీకాకుళములవలెనే.

క్లోట్రిమజోల్‌ను దినమునకు రెండుసార్లు, శుభ్రముగా కడిగి పొడిగా తుడిచిన చర్మముపై, మచ్చ అంచు దాటి ఒక అంగుళము మేర వరకు పలుచగా రాయవలెను. దురద పోయినంతనే మానుట మనవారందరును చేయు పొరపాటు. మచ్చ కనబడకుండ పోయిన తరువాత కూడ రెండు వారములు రాయవలెను. ఇంటిలో ఎందరికున్నదో అందరును ఒక్కసారిగా వాడవలెను. తువాలు ఎవరిది వారిదే. రోగి బట్టలను వేడినీట నుతికి ఎండలో తిరగవేసి ఆరవేయవలెను. వానదినములలో ఆరీఆరని లోబట్టలు కట్టుకొనుటకంటె వానిపై ఇస్త్రీపెట్టె నడిపించుట మేలు. కాలివ్రేళ్ళ సందులను, లంగాబొందు తావును పొడిగా నుంచుకొనవలెను. తలలోను, గోళ్ళలోను పుట్టిన తామర పూతమందుకు లొంగదు, లోపలికి మందు పుచ్చుకొనవలెను. మధుమేహము గలవారు, గర్భిణులు, పసిబిడ్డల తల్లులు స్వంతవైద్యము మాని వైద్యుని యొద్దకు పోవుట యుక్తము.

ఇంత చేసినను కొందరికి తగ్గుట లేదు. దానికిని ఒక పేరున్నది. 2020లో జపాను శాస్త్రజ్ఞులు మన దేశపు మనిషి యొకరియందును, నేపాళదేశపు మనిషి యొకరియందును దొరికిన తామర శిలీంధ్రమును పరీక్షించి, దానికి ట్రైకోఫైటన్ ఇండోటీనియే యని పేరు పెట్టిరి. టీనియా యనగా లాటినుభాషలో కొఱుకు పురుగు, తామరకు పాశ్చాత్యవైద్యులు వాడు పాతపేరు. ‘ఇండో’ యెవరో చెప్పనక్కరలేదు. తామరకు పేరెన్నికగన్న టెర్బినఫిన్ మాత్రలకు ఆ శిలీంధ్రము తరచుగా లొంగదు. స్టెరాయిడు కలిసిన లేపనములను విచ్చలవిడిగా పూయుట అది వ్యాపించుటకు తోడ్పడినదని చర్మవైద్యులలో పలువురి యభిప్రాయము. ఒక నదికో పర్వతమునకో మన దేశము పేరుండిన గర్వింతుము. దీనికేమందుము?

శ్రీకాకుళపు ఇల్లాలు కోడలిని బందరులో చర్మవైద్యుని యొద్దకు తీసికొనిపోయిరి. ఆయన రెండు ట్యూబులను మాన్పించి, ఇట్రాకొనజోల్ మాత్రలును, స్టెరాయిడు లేని పూతమందును ఇచ్చెను. మొదటి పది దినములు దురద భరింపరానంతగా పెరిగినదట. స్టెరాయిడు మానినప్పుడు అట్లగును. పాత ట్యూబు తీయబోయిన కోడలి చేతినుండి దానిని లాగి దాచితినని అత్తగారు మాకు వ్రాసిరి. మనుమనికి నెలలోపుననే పోయినది. కోడలికి మూడవ నెలలో మచ్చలు మాసినవి.

ఆ యుత్తరము చివర కోడలు తన చేతితో ఒక ప్రశ్న వ్రాసినది. తొడలమీద పడిన చారలు ఎప్పటికి పోవునని. మేము వైద్యుల నడిగి తెలిసికొంటిమి. వాని ఎఱుపు కొన్ని నెలలకు తగ్గి తెల్లబడును. చారలు మాత్రము పూర్తిగా పోవు. ఆమెకు అట్లే వ్రాసితిమి.