ఎడిటర్ మీద ఈ అపవాదు తగదు

విశాఖలోని యారాడ బీచ్‌లో తీసిన సినిమా విడుదలైన ప్రతిసారీ మా వైపు ఒక ఫిర్యాదు వినిపిస్తుంది. "రోజంతా ఎండలో నిలబెట్టి తీశారు, తెర మీద రెప్పపాటే ఉంది. ఎడిటర్ నరికేశాడు" అని. దీని వెనక పాతుకుపోయిన నమ్మకం ఒకటుంది. సినిమా దర్శకుడిది, అందం కెమెరామన్‌ది, ఎడిటర్ మాత్రం చెప్పిన చోట కత్తెర వేసే పనివాడు అని. సినిమా గురించి రాసేవాళ్లు కూడా ఇలాగే మాట్లాడుతున్నారు. ఈ మాట తప్పు. ఎంత తప్పో తెలియడానికి ఎడిటర్ అక్కినేని శ్రీకర్ ప్రసాద్ జీవితం చాలు.

ముందు యారాడ సంగతే చూద్దాం. మూడు వైపులా కొండలు, నాలుగో వైపు సముద్రం. పొద్దున తీసిన షాట్‌లో నీడ ఒక పక్కకు పడుతుంది. దానికి ఎదురు షాట్ తీసేసరికి మధ్యాహ్నం దాటి నీడ ఇంకో పక్కకు తిరుగుతుంది. ఒక టేకులో అల హీరో మోకాలి దాకా వస్తే, మరో టేకులో పాదం కూడా తడవదు. ఇవన్నీ ఒక్క నిమిషంలో జరిగినట్టు మనల్ని నమ్మించాలి. ఇంతకన్నా కష్టమైన పని వేరే ఉంది. ఇద్దరు మాట్లాడుకుంటున్నప్పుడు తెర మీద ఎవరి ముఖం ఉండాలి? అన్నవాడిదా, విన్నవాడిదా? విన్నవాడు చూపు తిప్పుకున్న క్షణం దగ్గర ఆగాలా, అంతకు ముందే తెగాలా? చివరి మాట దర్శకుడిదే, కాదనను. కానీ గుట్టలుగా వచ్చిపడిన రష్‌లో, అంటే కత్తెర పడని ఫుటేజ్‌లో, ఆ క్షణాన్ని కనిపెట్టి దర్శకుడి ముందు పెట్టేవాడు ఎడిటర్. కొండ బాగుంది కదా అని ఇంకాస్సేపు చూపిస్తే అక్కడ నిలబడ్డ మనిషి బాధ పలచబడిపోతుంది. అందుకే మన కొండ పోతుంది. పోవలసిందే.

రేవు ఊరివాళ్లం కాబట్టి శ్రీకర్ ప్రసాద్ ఎడిట్ చేసిన 'కుట్టి స్రాంక్' మనకు సులభంగా అర్థమవుతుంది. షాజీ ఎన్. కరుణ్ తీసిన మలయాళ చిత్రం. పడవ నడిపే సారంగు కథ. తీరానికి ఒక శవం కొట్టుకొస్తుంది. ఆ సారంగును ఎరిగిన ముగ్గురు స్త్రీలు ముగ్గురు వేర్వేరు మనుషుల గురించి చెబుతున్నట్టే చెబుతారు. అతుకు ఎక్కడ పడాలో తెలియనివాడి చేతిలో ఇలాంటి కథ మూడు ముక్కలై మిగిలిపోతుంది. ఈ సినిమాకూ 'కమీనే', 'పళశ్శిరాజా'లకూ కలిపి ఆయనకు 2009 జాతీయ అవార్డుల్లో జ్యూరీ ప్రత్యేక పురస్కారం ఇచ్చారు. కత్తెర వేసే పనివాడికి ఇచ్చే గౌరవమా ఇది?

ఇక శ్రీకర్ ప్రసాద్ మీద రెండో అపవాదు: "సినిమా కుటుంబం కదా, ఎదగక ఏం చేస్తాడు!" ఆయన ఎడిటర్ సంజీవి కొడుకు, దర్శక నిర్మాత ఎల్.వి. ప్రసాద్ సోదరుడి కొడుకు అన్నది నిజం. మద్రాసులో సాహిత్యం చదివి తండ్రి దగ్గర పని నేర్చుకున్నదీ నిజమే. చుట్టరికం ఎడిటింగ్ రూమ్ తలుపు తెరిపిస్తుంది, ఒప్పుకుంటాను. కానీ మొదటి జాతీయ అవార్డు తెచ్చిన 'రాఖ్' ఒక కొత్త దర్శకుడి తొలి హిందీ చిత్రం. తర్వాత 'రాగ్ బిరాగ్' అస్సామీ, 'ది టెర్రరిస్ట్' తమిళం, 'వానప్రస్థం' మలయాళం. గుజరాత్ అల్లర్ల తర్వాత ఒక్క రోజులో నడిచే జీవితాలను చూపిన నందితా దాస్ 'ఫిరాక్' హిందీ. ఇన్ని భాషల్లో మద్రాసు బంధుత్వం ఎవరికి పనికొస్తుంది? మాట పూర్తిగా తెలియకపోయినా గొంతు ఎక్కడ వణికిందో పట్టుకోగల చెవి ఉండబట్టే ఆ దర్శకులు ఆయన్ను పిలిచారు.

నన్ను అన్నిటికన్నా బాధపెట్టేది మన మరుపు. 'ఒక్కడు', టీవీలో మనం అరిగిపోయేలా చూసిన 'అతడు' ఆయన ఎడిట్ చేసినవేనని ఎంతమందికి తెలుసు? 2022లో 'ఆర్ఆర్ఆర్' వచ్చాకే చాలామంది తెలుగువాళ్లు ఆ పేరు చదివారు. అదే ఏడాది ప్రకటించిన 68వ జాతీయ అవార్డుల్లో 'శివరంజనియుం ఇన్నుం సిల పెణ్గళుం' అనే చిన్న తమిళ చిత్రానికి ఆయనకు మళ్లీ ఉత్తమ ఎడిటర్ పురస్కారం వచ్చింది. మొత్తం 9 జాతీయ గౌరవాలు. వాటిలో తెలుగు కథాచిత్రానికి వచ్చినది ఒక్కటీ లేదు. దానికి జవాబు చెప్పుకోవలసింది ఆయన కాదు. అవార్డుకు తగిన తెలుగు సినిమాలు ఆయన చేతికి ఎన్ని ఇచ్చామన్నది మనం ఆలోచించుకోవాలి.

విశాఖలో ఏ సినిమా ఎక్కడ తీశారో, ఏ హీరో ఏ రాయి మీద నిలబడ్డాడో గొప్పగా చెప్పుకునే మిత్రులకు నా మనవి ఒక్కటే. ఆ జాబితాలో సినిమా పేరు పక్కన ఎడిటర్ పేరు కూడా రాయండి.