బయటి వాల్వు మీ చేతికి అందుతోందా?

ఈ వారం పూర్ణం బూరెల కొలతలు రాద్దామని కూర్చున్నాను. రాస్తుంటే పోయిన శ్రావణంలో ఆ పూర్ణం దగ్గరే మా ఇంట్లో జరిగిన సంగతి గుర్తొచ్చింది. కొలతలు వచ్చే వారం ఇస్తాను, ఏమీ అనుకోకండి.

మాది అశోక్‌నగర్‌లో మూడో అంతస్తు. మా సిలిండర్లు వెనక బాల్కనీలో ఉంటాయి. అక్కణ్ణుంచి రాగి గొట్టం గోడలోంచి వంటింట్లోకి వస్తుంది. రెగ్యులేటరు కాక బయట గోడ మీద ఒక వాల్వు కూడా ఉంది. చిక్కడపల్లి, నారాయణగూడల్లో నాకు తెలిసిన ఇళ్లలోనూ ఇలాంటి ఏర్పాటే చూశాను. సిలిండరు బయట ఉంది కదా, ఇంక భయమేమిటని నేనూ అనుకునేదాన్ని.

వరలక్ష్మీ వ్రతం ముందురోజు రాత్రి. శనగపప్పు ఉడకబెట్టి పొయ్యి కట్టేసి, హాల్లో పూలు కడుతూ కూర్చున్నాను. కాసేపటికి వంటింట్లోంచి గుప్పున గ్యాసు వాసన. వెళ్లి చూస్తే పొయ్యి నాబులు అన్నీ ఆఫ్‌లోనే ఉన్నాయి. అప్రయత్నంగా చెయ్యి లైటు స్విచ్చి మీదికి పోయింది. "స్విచ్చి జోలికి వెళ్లకు, ఉన్నది ఉన్నట్టు వదిలెయ్!" అని మా అత్తయ్యగారు వెనకనుంచి గట్టిగా అరిచారు. ఆవిడ ఆ మాట అనకపోతే ఏమయ్యేదో!

పడకగది తలుపులోంచి బాల్కనీలోకి పరుగెత్తాను. నాకూ వాల్వుకీ మధ్య వాషింగ్ మెషీను, పాత పేపర్ల కట్టలు, మధ్యాహ్నం చిక్కడపల్లి మార్కెట్‌లో కొన్న అరటి పిలకలు. సిలిండర్లకి ఇనుప జాలీ, దానికి తాళం. ఆ తాళంచెవేమో మావారి గుత్తిలో ఉంది, మావారు వరంగల్‌లో ఉన్నారు. ఎలాగో చెయ్యి దూర్చి వాల్వు పట్టుకున్నాను. అది కదల్లేదు. అసలు ఎటు తిప్పితే మూసుకుంటుందో కూడా నాకు తెలియదు. పదకొండేళ్లుగా అదే ఇంట్లో వండుతున్నదాన్ని!

ఇంక లాభం లేదని అత్తయ్యగారినీ బాబునీ తీసుకుని మెట్ల మీదుగా కిందికి వచ్చేశాను. నిజానికి ఆ పని ముందే చెయ్యాల్సింది. వాచ్‌మన్ కింద మీటర్ల దగ్గర మా ఇంటి మెయిన్ కట్టేసి, పైకెళ్లి గుడ్డ చుట్టి బలంగా తిప్పితే అప్పుడు కదిలింది వాల్వు. మెయిన్ కింద కట్టెయ్యడం మంచిదైంది. మనం ఏ స్విచ్చీ ముట్టకపోయినా ఫ్రిజ్ తనంతట తాను ఆన్ అవుతుంది కదా, ఆ చిన్న నిప్పురవ్వ చాలు.

మర్నాడు మెకానిక్ వచ్చి చూస్తే, గోడ దగ్గర నుంచి పొయ్యికి వచ్చే రబ్బరు ట్యూబుని ఎలుక కొరికేసింది. మరి పొయ్యి నాబు కడితే ఏం ప్రయోజనం? గ్యాసు నాబు దాకా రాకముందే బయటికి పోతోంది. దాన్ని ఆపగలిగింది ఆ బయటి వాల్వు, రెగ్యులేటరు మాత్రమే. నేను ఆ రెండింటికీ అడ్డం కట్టి పెట్టుకున్నాను.

ఇప్పుడు మీరు ఒకసారి లేచి వెళ్లి మీ వాల్వు చూసి రండి. అడ్డపిడి ఉన్న రకమైతే, పిడి గొట్టం వెంబడి ఉంటే తెరిచినట్టు, గొట్టానికి అడ్డంగా ఉంటే మూసినట్టు. గుండ్రటి నాబు మామూలుగా గడియారం ముల్లు తిరిగే వైపు తిప్పితే మూసుకుంటుంది. మా మెకానిక్‌ని అడిగి, మూసే వైపుకి నేను ఎర్ర నెయిల్ పాలిష్‌తో బాణం గుర్తు వేశాను. మా అబ్బాయి నవ్వాడు, నవ్వనివ్వండి.

సిలిండరు మార్చిన ప్రతిసారీ ఆ వాల్వుని ఒకసారి మూసి తెరవండి. నెలల తరబడి కదపకపోతే వానకీ దుమ్ముకీ బిగుసుకుపోతుంది. బిగుసుకుంటే సుత్తి, పానా పట్టకండి, కొబ్బరినూనె పోయకండి. ఏజెన్సీకి చెప్పి మెకానిక్‌ని పిలిపించండి. అప్పుడే సబ్బు నురగ కాస్త అతుకుల దగ్గర రాసి చూడండి. బుడగలు లేస్తే లీకన్నమాట. అగ్గిపుల్ల గీసి చూసేవాళ్లు ఇంకా ఉన్నారంటే ఒళ్లు మండుతుంది నాకు.

ఇంకో సంగతి చాలామందికి తట్టదు. పొయ్యి వెలుగుతుండగా ఎవరైనా బయట వాల్వు మూస్తే మంట ఆరిపోతుంది, కానీ నాబు తెరిచే ఉంటుంది. తర్వాత ఇంకెవరో వచ్చి వాల్వు తిప్పితే, మంట లేకుండా గ్యాసు వస్తూనే ఉంటుంది. అందుకని ముందు పొయ్యి నాబులన్నీ కట్టి ఉన్నాయో లేదో చూసుకుని, ఆ తర్వాతే వాల్వు తెరవాలి.

సిలిండరు గ్యాసు గాలికంటే బరువు. నేలమీద పాకి తూము దొరికితే అందులోకి దిగుతుంది. కాబట్టి బాల్కనీలో నీళ్లుపోయే తూము పక్కన సిలిండరు పెట్టకండి. పైపు గ్యాసు ఉన్నవాళ్ల సంగతి వేరు. అది గాలికంటే తేలిక, పైకి లేస్తుంది. వాళ్లు మీటరు దగ్గరి వాల్వు ఎక్కడుందో తెలుసుకుంటే చాలు, మీటరు సీలు ముట్టుకోకూడదు.

అశోక్‌నగర్‌లో సిటీ సెంట్రల్ లైబ్రరీ చుట్టుపక్కల పరీక్షలకి చదివే పిల్లలు గదులు తీసుకుని తామే వండుకుంటారు. ఏటా కొత్తవాళ్లు వస్తుంటారు. ఇల్లు అద్దెకిచ్చేటప్పుడు మోటారు స్విచ్చి చూపిస్తాం, గ్యాసు వాల్వు చూపిస్తున్నామా? మీకు అద్దె గదులుంటే మీరే పిలిచి చూపించండి, అడగరు పాపం.

మా ఇంట్లో ఇప్పుడు వాషింగ్ మెషీను పక్కకి జరిగింది. జాలీ తాళంచెవి పడకగది మేకుకి వేలాడుతోంది. రబ్బరు ట్యూబు స్థానంలో లోపల తీగ అల్లిన సురక్షా ట్యూబు వచ్చింది. దాని గడువు 5 ఏళ్లు, మార్చిన తేదీ క్యాలెండరు వెనక రాసిపెట్టాను. గ్యాసు లీకు చెప్పుకోవడానికి 1906 నంబరు ముందు గది తలుపు మీద అంటించాను. వంటింట్లో అంటిస్తే అవసరమైనప్పుడు లోపలికి వెళ్లాలి కదా! ఫోను కూడా ఇంటి బయటికొచ్చాకే చెయ్యాలి.

మొన్న సిలిండరు వచ్చిన రోజు అత్తయ్యగారు వాల్వు తనే తిప్పి చూస్తానన్నారు. ఆవిడకి డెబ్బై నాలుగేళ్లు. రెండు వేళ్లతో మూసి, తెరిచి, "ఇంతేనా?" అన్నారు.