మేం కట్ చేసిన సగం

మా కాలేజ్ బస్సులో రోజూ ఒక పాట మోగుతుంది. చివరి సీట్లో ఎవడో ఒకడు ఎత్తుకుంటాడు, చిల్లకూరు వచ్చేలోపు బస్సంతా అందుకుంటుంది. చౌరస్తా బ్యాండ్ వాళ్ళ ‘ఊరెళ్ళిపోతా మామ’.

తమాషా ఏంటంటే, పాడే మాలో చాలామందిమి ఇంకా ఊరు దాటలేదు. గూడూరు, కోట, వాకాడు వాళ్ళం. పొద్దున బస్సెక్కి, సాయంత్రానికి ఇంటికి చేరి, అమ్మ పెట్టింది తిని పడుకునేవాళ్ళం. ప్లేస్‌మెంట్ వస్తే ఎప్పుడెప్పుడు పోదామా అని చూస్తున్నవాళ్ళం. అట్టాంటి మేమే ఊరెళ్ళిపోతాం అని గొంతు చించుకుంటున్నాం. వెళ్ళకముందే తిరిగి రావడానికి ప్రాక్టీస్ అనుకోండి.

పాట నిజంగా తగలాల్సింది మా పెద్దనాన్న కొడుకు లాంటివాళ్ళకి. అన్నయ్య హైదరాబాద్‌లో సాఫ్ట్‌వేర్. మా గూడూరులో బయల్దేరి సికింద్రాబాద్ దాకా పోయే సింహపురి ఎక్స్‌ప్రెస్సే ఆయనకి ఎర్ర బస్సు. సంక్రాంతికి వచ్చినప్పుడు కార్లో ఈ పాట పెడితే, రెండు నిమిషాలు విని, "వేరేది పెట్రా" అన్నాడు. నచ్చలేదేమో అనుకున్నా అప్పుడు.

చౌరస్తా గురించి తెలియనివాళ్ళకి రెండు ముక్కలు. హైదరాబాద్ బ్యాండ్. ఈ పాటలో వినిపించే గొంతు రామ్ మిరియాలది. తర్వాత ఆయన బ్యాండ్ నుంచి బయటికొచ్చి, 2021లో ‘జాతిరత్నాలు’లో చిట్టి పాట, 2022లో ‘డీజే టిల్లు’ టైటిల్ పాట పాడి ఇంటింటికీ తెలిసిపోయారు. 2020లో కరోనా మొదలైనప్పుడు చేతులు కలపొద్దని చెప్తూ వచ్చిన పాట కూడా చౌరస్తాదే. ఇది రాకా, ఫోకా అని మా క్లాసులో ఒక గొడవ ఉంది. నాకు ఆ పట్టింపు లేదు. సినిమా లేకుండా, హీరో లేకుండా, మనం మాట్లాడుకునే తెలుగులో గిటార్ పెట్టుకుని పాడిన పాట బస్సులో యాభై మందికి నోటికొచ్చింది. నాకది చాలు. ఇంగ్లీష్ మీడియంలో చదివి, రాక్ అంటే ఇంగ్లీష్‌లోనే ఉంటుందని పదిహేడేళ్ళు నమ్మినవాణ్ణి నేను. ఈ పాట మాటలు కూడా మొదట ఫోన్లో ఇంగ్లీష్ అక్షరాల్లోనే చదివాను, సిగ్గే.

ఇక నా తప్పు సంగతి. పోయినసారి ఫెస్ట్‌లో మా నలుగురం స్టేజ్ ఎక్కాం. స్లాట్ మూడు నిమిషాలు. పాట అంతలో పట్టదు, ఎక్కడో ఒకచోట కొయ్యాలి. గిటార్ నాది, కోసిందీ నేనే. ముందు సగం ఉంచి వెనక సగం తీసేశా. జనం కలిసి పాడేది ముందు సగమే కదా అని లెక్కేసుకున్నా. సూపర్ హిట్. ఫోన్ లైట్లు, ఈలలు, అన్నీ.

ఆ వీడియో మా నాయనమ్మకి చూపించాను. ఆమెది సోమశిల డ్యామ్ వెనకాల, కడప వైపు ఊరు. డ్యామ్ కట్టాక పెన్న నీళ్ళలో మునిగిపోయిన ఊళ్ళలో అదీ ఒకటి. నష్టపరిహారం తీసుకుని తాత ఇటొచ్చి గూడూరు నిమ్మకాయల మార్కెట్లో పనికి కుదిరాడు. వీడియో చూసి నాయనమ్మ, "బాగా పాడినారు. ఊరికి పోతా ఉండాడు గదా, పోయినాడా?" అంది.

దానికి నా దగ్గర జవాబు లేదు. అందుకని అసలు పాట పెట్టాను, మొత్తం.

మొత్తం వింటే అది ఒకడి పాట కాదు, ఇద్దరి మధ్య మాట. ఒకడు ఊరికి పోతానంటాడు. రెండోవాడు అడ్డం పడతాడు. ఏ ఊరికిరా, అక్కడ ఏం మిగిలిందని పోతావు అన్నట్టు నిలదీస్తాడు. మొదటివాడు నల్లమల అడవిలో చల్లటి పల్లె ఒకటి చూపిస్తాడు. అదిప్పుడు ఉందా అని మళ్ళీ ప్రశ్న. మనం బస్సులో పాడేది పోతానన్నవాడి మాటే. అడిగినవాణ్ణి ఎవరమూ పాడం. స్టేజ్ మీద నేను కోసేసింది సరిగ్గా వాణ్ణే.

నాయనమ్మ కదలకుండా వింది. "ఇది రాసినోడికి తెలుసు" అంది. అంతే. ఏం తెలుసు అని నేను అడగలేదు, ఆమె చెప్పలేదు. సోమశిల నీళ్ళు కండలేరుకి, అక్కడినుంచి తెలుగు గంగ కాలువలో చెన్నైకి పోతాయి. సెలవుల్లో చెన్నైలో మేనత్త ఇంట్లో కొళాయి తిప్పిన ప్రతిసారీ ఆ నీళ్ళు యాడ నిలబడి వచ్చాయో నాకెప్పుడూ తట్టలేదు.

అన్నయ్య పాట ఎందుకు మార్చమన్నాడో కూడా ఇప్పుడు కొంచెం అర్థమైంది. ఆయనకి ఊరు ఉంది, ఇల్లుంది, రైలుంది. కానీ వచ్చి ఏం చేస్తావు అని అడిగితే చెప్పడానికి ఏమీ లేదు. రెండోవాడి గొంతు వచ్చేలోపే పాట మార్పించాడు.

అందుకే నా అభిప్రాయం. ఈ పాటని పల్లె మీద ప్రేమగీతంలా వాడుకోవడం అన్యాయం. పచ్చటి పొలాల ఫోటోల కింద పెట్టుకునే పాట కాదిది. మా తమిళ ఫ్రెండ్‌కి అర్థం చెప్పబోతే, "ఊరు మాకూ ఊరే, సొంద ఊరు" అన్నాడు. నిజమే, ఊరంటే పల్లె అనే కాదు, మనది అనుకునే చోటు. 2022లో మా గూడూరుని తిరుపతి జిల్లాలో కలిపినప్పుడు కూడా మా ఇంట్లో ఎవరూ నెల్లూరోళ్ళం కాదనలేదు. జిల్లా కాగితం మీద మారుతుంది. నాయనమ్మ ఊరు మారలేదు, లేకుండా పోయింది. ఈ రెంటికీ తేడా తెలిసినవాడి పాటని మేం ఈలలేసే సైజుకి కత్తిరించుకున్నాం.

ఈసారి ఫెస్ట్‌కి మళ్ళీ ఇదే పాటకి పేరిచ్చాం. రెండోవాడి గొంతు నాది. ఫామ్‌లో సమయం అని ఉన్న గడిలో, మూడు నిమిషాల్లో పట్టదు అని తెలుగులో రాసిచ్చాను.