సరిహద్దులో చీలిన ధ్వని

పెద్దేముల్‌లో కోడిని కోడి అంటాం. తాండూరు దాటి సేడం చేరితే కన్నడంలో అదే కోళి. మనకు ఏడు, వాళ్లకు ఏళు. ఇవి వేర్వేరు మాటలు కావు. రెండు భాషలూ పోగొట్టుకున్న ఒకే హల్లు మిగిల్చిన రెండు రూపాలు.

ఆ హల్లు ఴ. తమిళులు, మలయాళీలు ఇప్పటికీ పలుకుతున్నారు. నాలుక కొనను వెనక్కి మడిచి అంగిలి దగ్గరికి తీసుకెళ్లాలి, తగలనివ్వకూడదు. గొంతు మోగుతుండగా గాలి నాలుక మీదుగా నడిమి నుంచి ఒరుసుకోకుండా సాగాలి. మడిచిన నాలుక అంగిలిని తాకి గాలి పక్కల నుంచి పోతే ళ. దారి పూర్తిగా మూసి వదిలితే డ. తాకీ తాకని ఆ ఎడాన్ని నిలపడం కష్టం. తమిళనాడులోనే చాలామంది నోట అది ళ అవుతోంది. కన్నడం చాలా మాటల్లో ఆ దారే పట్టింది. తెలుగు ఎక్కువగా డ వైపు మళ్లింది: తమిళుల నిఴల్ మన నీడ.

రేనాటి చోళుల నాటి తెలుగు శాసనాల్లో ఈ అక్షరం ఉంది. నన్నయ నాటికి పోయింది. 2014లో యూనికోడ్ తెలుగు పట్టికలో చేరింది కాబట్టే ఇక్కడ అచ్చువేయగలిగాం. శాసనాలు చదివే పిల్లలకు బడిలోనే దీన్ని చూపించాలని నా గట్టి కోరిక. అక్షరంతో పాటు పలుకుబడినీ నేర్పాలి.

ఈ సంచిక మన సరిహద్దు ఊళ్ల మాటతీరు గురించి. రెండు భాషలూ ఇంట్లోనే వినే పాఠకులు తమ ఊరి పలుకులు రాసి పంపండి, విన్నది విన్నట్టుగా.